తెర వెనక మాట: నిమ్మలకుంట డాక్యుమెంటరీ డైరీ

జనవరి 9

నిన్న రాత్రి ధర్మవరం జంక్షన్‌లో దిగాం. నేను, కెమెరా చూసే మిత్రుడు, సౌండ్ చూసే తమ్ముడు, ఐదు పెట్టెలు. పొద్దున్నే ఉగ్గాని బజ్జీ తిని, ఆటో మాట్లాడుకుని నిమ్మలకుంట చేరేసరికి ఎనిమిదయింది. తోలుబొమ్మల గురించి కాస్త తెలిసినవాళ్ళకి ఈ ఊరి పేరు కొత్త కాదు. 2020లో పద్మశ్రీ అందుకున్న దళవాయి చలపతిరావు గారిది ఈ ఊరే. ఆయన గురించి ఇప్పటికే చాలామంది రాశారు, అందుకే నేను ఇంకో ఇల్లు వెతుక్కున్నాను. ఏడాది పొడవునా బొమ్మలు, దీపాలు చేసి అమ్ముకుంటూ, పిలుపు వచ్చినప్పుడు ఆట కట్టే ఒక మామూలు ఇల్లు. అలాంటి ఒక కుటుంబం ఆరు నెలల కిందట ఫోన్లో సరేనంది. వాళ్ళ పేర్లు ఇక్కడ రాయను, సినిమాలో ఎలా కనిపించాలో కూడా వాళ్ళే తేల్చుకోవాలి. పెద్దాయన, పెద్దామె, కొడుకు, కోడలు, పదో తరగతి చదివే మనవరాలు. నాకు ఈ ఐదుగురు చాలు.

మాది కదిరి దగ్గర ఒక పల్లె. చిన్నప్పుడు శివరాత్రికి మా ఊళ్ళో బొమ్మలాట పెట్టించేవాళ్ళు. మా అవ్వ దుప్పటి కప్పి నన్ను ఒళ్ళో పడుకోబెట్టుకునేది, లంకాదహనం వచ్చినప్పుడు మాత్రం తట్టి లేపేది. రామాయణం నా చెవిన మొదట పడింది ఆ తెర వెనక గొంతుల్లోంచే. అంత చక్కటి తెలుగు పాడినవాళ్ళు ఇంటికి పోయి అన్నం తినేటప్పుడు తెలుగు మాట్లాడుకోరనీ, ఇంట్లో వాళ్ళది మరాఠీకి దగ్గరగా ఉండే వేరే మాట అనీ నాకు నలభయ్యో ఏట తెలిసింది. హైదరాబాద్‌లో ఒక హస్తకళల ప్రదర్శనలో తోలు దీపం కొంటుంటే స్టాల్ వెనక తల్లీకూతుళ్ళు ఏదో మాట్లాడుకుంటున్నారు. "ఏం భాషమ్మా అది?" అని అడిగితే "ఏంల్యా మేడం, మా ఇండ్లల్లో మాట" అని టక్కున తెలుగులోకి వచ్చేసింది ఆ తల్లి. అడగకూడనిది అడిగినట్టు అనిపించి నేను ఇంకేం మాట్లాడలేదు. దీపం కొని ఇంటికి తెచ్చుకున్నాను, కానీ ఆమె అంత గబగబా తెలుగులోకి ఎందుకు వచ్చేసిందో అని ఆలోచిస్తూనే ఉన్నాను. ఈ సినిమా దాని కోసమే.

తెలుగునాట తోలుబొమ్మలాట ఆడేవాళ్ళలో చాలామంది ఆరె వాళ్ళు. ఆరె అంటేనే మన తెలుగులో మరాఠీ అని అర్థం. కర్ణాటకలో తొగలుగొంబె ఆట ఆడే కిళ్ళేక్యాతలు, తమిళనాడులో తోల్‌పావైకూత్తు ఆడే మండిగర్లు కూడా ఇంట్లో ఈ మరాఠీ తరహా మాటే మాట్లాడతారు. తెర మీదికి వచ్చేసరికి ఒకరిది కన్నడం, ఒకరిది తమిళం, వీళ్ళది తెలుగు. మన పాల్కురికి సోమనాథుడు పండితారాధ్య చరిత్రలోనే చీర మరుగున బొమ్మలాడించేవాళ్ళ గురించి చెప్పాడు కాబట్టి ఆట మన దగ్గర ఎంత పాతదో తెలుస్తూనే ఉంది. ఆ ఆటని ఇంతకాలం నిలబెట్టినవాళ్ళ ఇంటి మాట ఏమిటని మనలో ఎంతమంది అడిగాం? నేనైతే అడగలేదు.

జనవరి 11

రెండు రోజులు కెమెరా పెట్టెలోంచి తీయలేదు. ఉత్తినే కూర్చున్నాం, కాఫీలు తాగాం, బుడ్డలు ఒలుచుకుని తిన్నాం. ఈ ఊళ్ళో కెమెరాలంటే కొత్త లేదు, చాలామంది వచ్చి పోయారు. పెద్దాయన మొదటి రోజే అడిగేశారు.

"మేడం, మీరు గూడా అంతరించిపోతాండే కళ అనే రాస్తారా?"

ఏం చెప్పాలో తోచక "అలా రాయొద్దంటే రాయను" అన్నాను.

"నేను పిల్లోడిగా ఉన్నప్పట్నించి ఇదే మాట ఇంటాండా. మా నాయిన గూడా ఇన్న్యాడు. ఇన్నోడు పోయినాడు, అన్నోళ్ళు పోయినారు, నేను ఈడనే కూర్చోని తోలు గీకుతాండా."

రాత్రి లాడ్జికి వచ్చి నా ప్రాజెక్టు ప్రపోజల్ తీసి చూశాను. మొదటి పేరాలోనే ఉంది ఆ మాట. కొట్టేశాను. నిధుల కోసం రాసిన కాగితంలో ఆ మాట ఉంటే పని త్వరగా అవుతుందని మనందరికీ తెలుసు, అందుకే ప్రతి ఒక్కరం రాస్తాం, రాసి రాసి అదే నమ్ముతాం, నమ్మి వచ్చి ఇక్కడ దాన్నే వెతుకుతాం. ఈ సినిమాలో వ్యాఖ్యానం ఉండకూడదని కూడా ఈ రాత్రే అనుకున్నాను. నా గొంతు వద్దు. వాళ్ళ గొంతులే ఉండాలి, రెండు భాషల్లోనూ.

జనవరి 12, 13

తోలు పని మొదటి నుంచి చివరి దాకా తీశాం. మేకతోలు నానబెట్టి, వెంట్రుకలు గీకి, నాలుగు పక్కలా లాగి కట్టి ఎండలో పెడతారు. ఎండిన కొద్దీ అది అద్దంలా, వెలుగు దాటిపోయేలా తయారవుతుంది. పాత రోజుల్లో జింక తోలు కూడా వాడేవాళ్ళు, ఇప్పుడు మేకతోలే. పెద్ద బొమ్మకి ఒక్క తోలు చాలదు, తల, మొండెం, చేతులు, కాళ్ళు విడివిడిగా కోసి దారంతో ముడులు వేసి కీళ్ళుగా కలుపుతారు. మనిషంత ఎత్తు బొమ్మలు ఉండటం మన ఆంధ్ర తోలుబొమ్మలకి ప్రత్యేకత, పక్కన నిలబెడితే హనుమంతుడు నా భుజం దాటి వచ్చాడు. రంగు రెండు పక్కలా వేస్తారు. నగలన్నీ రంధ్రాలే. ఉలి పెట్టి సుత్తితో కొడితే పడే చిన్న చిన్న చుక్కల్లోంచి వెలుగు వచ్చి హారాలు, కిరీటాలు మెరుస్తాయి.

సౌండ్ తమ్ముడు ఈ ఉలి చప్పుడుకి పడిపోయాడు. ముగ్గురు మూడు రకాల ఉలులతో కొడుతుంటే వచ్చే చప్పుడుని నలభై నిమిషాలు రికార్డు చేశాడు. ఆ పక్కనే వాళ్ళ ఇంటి మాట నడుస్తోంది, నెమ్మదిగా, మధ్య మధ్య నవ్వులతో. అర్థం కాకపోయినా వినడానికి బాగుంది. నేను కెమెరా వైపు తిరిగిన ప్రతిసారీ కోడలు తెలుగులోకి మారిపోతోంది. హైదరాబాద్ స్టాల్‌లో చూసినట్టే.

దీపాల గురించి నాకు ముందు నుంచీ ఒక అభిప్రాయం ఉండేది, ఆట పోయి దీపం మిగలడం బాధాకరం అని. కొడుకు దగ్గర అంటే అతను నొచ్చుకోలేదు కానీ లెక్క చెప్పాడు. "అక్కా, ఏడాదికి ఆటలు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. దీపాలు, తలుపు తోరణాలు, గోడ బొమ్మలు ఏడాదంతా పోతాయి. దీపం అమ్మిన దుడ్లతోనే మా నాయిన పాత బొమ్మలకి కొత్త చేతులు ఏసినాడు. దీపం లేకుంటే నేను బెంగళూర్లో యాడనో వాచ్‌మన్‌గా ఉంటాంటి." ఆంధ్ర తోలుబొమ్మలకి జీఐ (ఫలానా ప్రాంతపు సరుకు అని చెప్పే భౌగోళిక సూచిక) గుర్తింపు కూడా ఉంది, అయినా వీళ్ళ గీతని ఫోటో తీసుకుని గుడ్డ మీద ప్రింటు వేసి అమ్ముతున్నారని అతని బాధ. దీపం చేసే చేయీ రాముణ్ణి చెక్కే చేయీ ఒకటే, ఒకే ఉలి. ఇది ఎడిటింగ్‌లో ఒకే షాట్‌గా రావాలి. దీపం మీద చిలకని చెక్కుతున్న చేతి నుంచి కట్ లేకుండా పక్కనున్న సీత దాకా కెమెరా పోవాలి. మూడుసార్లు తీశాం, మూడోది బాగా వచ్చింది.

జనవరి 14

లైటు పరీక్ష. ఈ పని చేసేవాళ్ళకి పనికొస్తుందని కొంచెం వివరంగా రాస్తున్నాను.

ముందు ఆముదం దీపాల వెలుగులో ఆడేవాళ్ళు, తర్వాత పెట్రోమాక్సు, తర్వాత మామూలు ఫిలమెంటు బల్బులు. ఇప్పుడు ఇంట్లో ఎల్ఈడీ బల్బులే ఉన్నాయి. తెర వెనక ఎల్ఈడీ పెట్టి చూస్తే రావణుడి ఎరుపు ఇటుక రంగులోకి దిగిపోయింది. చవక ఎల్ఈడీ వెలుగులో ఎరుపు పాలు తక్కువ, బొమ్మలో ఎంత రంగున్నా వెలుగులో లేనిది తెర మీదికి రాదు. దాంతోపాటు ఒక బల్బు కెమెరాలో చారలు చారలుగా వణికింది. మన కరెంటు 50 హెర్ట్‌జ్ కాబట్టి సెకనుకి 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెట్టుకుంటే చాలావరకు పోతుంది, కానీ ఆ బల్బుకి అదీ పని చేయలేదు. చివరికి ధర్మవరంలో ఒక పాత ఎలక్ట్రికల్ షాపులో అటక మీద నుంచి ఫిలమెంటు బల్బులు ఆరు దింపించాం. అవి పెట్టగానే పెద్దాయన "ఆఁ, ఇప్పుడు మనిషైనాడు" అన్నారు, రావణుణ్ణి చూసి.

అసలు చిక్కు తెర వెనక నుంచి తీయడం. నాకు కావలసింది అదే, కానీ వెనక నుంచి తీస్తే బల్బు ఫ్రేములోనే ఉంటుంది. బల్బుకి సరిపడా ఎక్స్‌పోజర్ పెడితే మనుషులు నల్లటి ఆకారాలు, మనుషులకి పెడితే తెర తెల్లగా కాలిపోతుంది. చిన్న అట్టముక్కకి నల్ల కాగితం చుట్టి బల్బుకి మా వైపు అడ్డం కట్టాం. బొమ్మ మీద వెలుగు తగ్గలేదు, తెర మీంచి వెనక్కి తిరిగొచ్చే వెలుగు మనుషుల ముఖాల మీద పడింది. చాలా మెత్తటి వెలుగు అది, పెద్దామె ముఖం అందులో ఎంత బాగుందో చెప్పలేను.

ఫిబ్రవరి 4

ఈరోజు పెద్ద తప్పు చేశాను.

ఇంటి మాటని తెలుగులోకి రాయించడానికి మరాఠీ వచ్చిన మనిషి కావాలని పూణే నుంచి నా స్నేహితురాలిని పిలిపించాను. మంచి మనిషి, ఎంతో ఇష్టంగా వచ్చింది. పెద్దామె పక్కన కూర్చుని మాట కలిపింది. సగం అర్థమవుతోంది, సగం కావడం లేదు. ఒక మాట దగ్గర ఆమె ఆపుకోలేక నవ్వేసి "ఇలా మా దగ్గర ఎవరూ అనరు, ఇందులో సగం తెలుగే ఉంది" అంది. ప్రేమగానే అంది. కానీ కోడలి ముఖం మాడిపోయింది. సాయంత్రం దాకా ఆ ఇంట్లో ఒక్కరు కూడా ఆ మాట మాట్లాడలేదు, పిల్లని పిలవడం కూడా తెలుగులోనే పిలిచారు. మైకులు పెట్టాం, లైట్లు పెట్టాం, నేను ఏ మాట కోసం వచ్చానో అది ఆ ఇంట్లోంచి మాయమైపోయింది, దానికి కారణం నేనే.

తెలుగువాళ్ళు వీళ్ళని ఆరెవాళ్ళు అంటారు. మరాఠీ మనిషి వస్తే మీది మరాఠీ కాదంది. ఈ రెండు మాటల మధ్య వాళ్ళు ఎన్ని తరాలుగా ఉన్నారో నేను ముందే ఆలోచించి ఉండాల్సింది. సరైన మరాఠీకి దీన్ని కొలిచి చూడాలనుకోవడమే తప్పు. రాత్రి స్నేహితురాలు కూడా బాధపడింది, పొద్దున్నే వాళ్ళింటికి వెళ్ళి క్షమించమని అడుగుతానంది. వద్దని నేను అనలేదు.

ఫిబ్రవరి 6

వెళ్ళాం. పెద్దామె ఇద్దరికీ సంగటి పెట్టింది, చెనిక్కాయల చట్నీ వేసింది. తింటుంటే తనే ఎత్తింది మాట.

"ఆ పాపకి మన నీళ్ళు తెలిసె, మన అన్నం తెలిసె, మన తిట్లు తెలీల్యా. తిట్లన్నీ తెలుగే కదమ్మా. ఈ ఊర్లోనే నేర్చుకుంటిమి." అందరూ నవ్వారు, నవ్వాక కోడలు కూడా నెమ్మదిగా రెండు మాటలు వాళ్ళ భాషలో అంది. పూణే స్నేహితురాలు ఈసారి సరిదిద్దలేదు, నేర్చుకుంది. వాళ్ళ మాటలు నోట్‌బుక్‌లో రాసుకుని తిరిగి పలికింది, తప్పు పలికితే మనవరాలు దిద్దింది.

అప్పుడు తట్టింది నాకు. ఈ సినిమాకి అనువాదం చేయాల్సింది ఆ మనవరాలే. ఇంటి మాట వచ్చు, బళ్ళో తెలుగు వచ్చు, రాయడం వచ్చు. అడిగితే పరీక్షలు అయ్యాక చేస్తానంది. డబ్బు ఎంతిస్తారని కూడా అడిగింది, అడిగినందుకు చాలా సంతోషం వేసింది. హైదరాబాద్‌లో సబ్‌టైటిల్స్ చేసేవాళ్ళకి నిమిషానికి ఇచ్చే రేటే తనకీ ఇస్తాను. వాళ్ళమ్మ ముందు కాగితం మీద రాసుకున్నాం.

కాగితాల మాట వచ్చింది కాబట్టి ఇదీ రాస్తాను. అనుమతి పత్రం అందరం ఇంగ్లీషులో రెండు పేజీలు ప్రింటు తీసుకుని సంతకం పెట్టించుకుంటాం. నేను దాన్ని తెలుగులో ఒక పేజీకి కుదించి, సంతకానికి ముందు గట్టిగా చదివి వినిపిస్తున్నాను. అందులో ఒక వాక్యం కొత్తగా చేర్చాను: సినిమా పూర్తి కాకముందు కుటుంబానికి చూపిస్తాం, వాళ్ళు తీసేయమన్నది తీసేస్తాం. తోటి ఫిల్మ్‌మేకర్లు కొందరికి ఇది నచ్చదు, ఎడిటర్ చేతులు కట్టేసినట్టే అంటారు. కావచ్చు. వాళ్ళ ఇంట్లో దూరి తీస్తున్నది నేను, ఆ మాత్రం హక్కు వాళ్ళకి ఉండాలి.

శివరాత్రి, తెల్లవారాక

నిద్ర లేదు. చేతులు వణుకుతున్నాయి, అయినా ఇప్పుడే రాయాలి.

పక్క ఊళ్ళో ఆట. ఇది కెమెరా కోసం పెట్టించిన ఆట కాదు, ఆ ఊరివాళ్ళు జాగారానికి మాట్లాడుకున్నది. (జనవరిలో ఒకసారి కెమెరా కోసం ఒక గంట ఆట పెట్టించాం, డబ్బిచ్చి. అందరూ బాగా ఆడారు, కానీ ఎదురుగా జనం లేరు, ఒక్క నవ్వు లేదు. ఆ ఫుటేజీ వాడను.) రెండు తెల్ల పంచెలు కలిపి కుట్టిన తెర, కొంచెం ముందుకి వాలేటట్టు కట్టారు. వెనక చాపలు. బొమ్మలన్నీ వరసగా ఆనించి పెట్టారు, రాముడి పక్షం ఒక పక్క, రావణుడి పక్షం ఇంకో పక్క. హార్మోనియం కొడుకు, మద్దెల వాళ్ళ బావమరిది, తాళాలు కోడలు. కాళ్ళ కింద చెక్కలు, యుద్ధం వచ్చినప్పుడు వాటిని తొక్కితే నేల అదురుతుంది. ఆ చెక్కల చప్పుడుకి మైకులు పగిలిపోతాయని తమ్ముడు ముందే ఒక మైకుని టవల్లో చుట్టి చెక్కలకి కొంచెం దూరంగా పెట్టాడు, పెద్దామెకి, కొడుక్కి రేడియో మైకులు తగిలించాడు. ఆ రేడియో మైకు లేకపోతే నేను ఈ రోజు ఇది రాసేదాన్ని కాదు.

గణపతి, సరస్వతి ప్రార్థనలు అయ్యాక నవ్వించే బొమ్మలు కేతిగాడు, బంగారక్క వచ్చారు. ఆ ఊరి సర్పంచ్ మీద, కరెంటు మీద, మా కెమెరా మీద కూడా జోకులు వేశారు. కర్ణాటక వైపు ఇలాంటి హాస్యగాడి బొమ్మ కిళ్ళేక్యాత, ఆ పేరే అక్కడ కులం పేరైపోయింది. అందరినీ నవ్వించే బొమ్మ పేరు పెట్టి మనుషుల్ని పిలవడం ఆ మనుషులకి ఎలా ఉంటుందో అని తెర ముందు జనంతో పాటు నవ్వుతూనే అనుకున్నాను.

పన్నెండు దాటాక యుద్ధకాండ. వీళ్ళు పాడే పద్యాల్లో రంగనాథ రామాయణం ద్విపదలు చాలా ఉన్నాయి. మూడు గంటల ప్రాంతంలో ఇంద్రజిత్తు పడిపోయాడు, సులోచన వచ్చింది. వాల్మీకంలో లేని ఈ సులోచన కథ ద్విపదలో ఉంది, బొమ్మలాటలో జనం కదలకుండా కూర్చునేది ఇక్కడే. ఆడ బొమ్మలకి ఆడవాళ్ళే పాడతారు. పెద్దామె పాడింది. అరవై ఏళ్ళు దాటిన గొంతు, కొంచెం బొంగురు, కానీ శ్రుతి తప్పలేదు. మొగుడి తల అడగడానికి రాముడి దగ్గరికి పోయే సులోచన. ముందు వరసలో ఒకామె కొంగు నోట్లో కుక్కుకుంది.

ఆ సమయంలో మా కెమెరా తెర ముందు ఉంది. నేనే ముందుకి పంపాను, జనం ముఖాలు కావాలని. వెనక కెమెరా లేదు.

పద్యం ఒక పాదం అయింది. హార్మోనియం ఒక్కటే పలుకుతోంది. నా చెవుల్లో హెడ్‌ఫోన్. పెద్దామె ఊరి మైకు నుంచి ముఖం పక్కకి తిప్పి, మెల్లిగా, వాళ్ళ ఇంటి మాటలో కోడల్ని నీళ్ళడిగింది. "పాణి" అన్న ఒక్కటే నాకు అర్థమైంది. గ్లాసు చప్పుడు, ఒక గుక్క, ఇంకేదో రెండు మాటలు, చిన్న దగ్గు. ఆ వెంటనే, గొంతులో ఏ తేడా లేకుండా, సులోచన తెలుగులో ఏడుపు అందుకుంది. జనానికి ఇదేం వినపడలేదు. వాళ్ళకి తెర మీద సులోచన ఒక క్షణం ఆగి ఊపిరి తీసుకున్నట్టే ఉంది.

నేను వచ్చింది ఈ పది సెకన్ల కోసమే. ఆ దృశ్యం నా దగ్గర లేదు, గొంతు మాత్రం ఉంది. పొద్దున ఆటోలో అంతసేపూ కెమెరాని వెనకే ఉంచి ఉంటే అని కుమిలిపోయాను. కెమెరా మిత్రుడు ఏమీ అనలేదు. కానీ లాడ్జికి వచ్చి ఫుటేజీ కింద ఆ సౌండ్ పెట్టి చూస్తే ఒళ్ళు జలదరించింది. తెర మీద సులోచన నీడ కదలకుండా నిలబడి ఉంది. ఆ నీడలోంచి వేరే భాషలో ఒక ముసలి గొంతు నీళ్ళడుగుతోంది. తెర వెనకకి వెళ్ళి చూపించి ఉంటే ఇంత బాగుండేది కాదు.

మార్చి 9

హార్డ్ డిస్క్ ఒకటి చచ్చిపోయింది. అద్దెకి తెచ్చింది, ఇచ్చినవాళ్ళు కొత్తదన్నారు, కాదని ఇప్పుడు తేలింది. మూడు చోట్ల కాపీ పెట్టుకునే అలవాటు ఉండబట్టి శివరాత్రి ఫుటేజీ ఉంది. పోయింది జనవరి 13 సాయంత్రం తీసినది మాత్రమే, ఎందుకంటే ఆ రోజు బద్ధకించి రెండు కాపీలే తీశాను, మూడోది లేదు, రెండోదాన్ని చెరిపేసి పొరపాటున దాని మీద వేరే కార్డు ఫుటేజీ రాసేశాను. దీపం నుంచి సీత దాకా పోయే షాట్ అందులోనే ఉంది. మళ్ళీ వెళ్ళి తీయాలి. కొత్త డిస్కులు రెండు కొన్నాను, ఇకమీదట ఏ రాత్రీ కాపీలు లెక్కపెట్టకుండా పడుకోను.

మే 3

పదో తరగతి పరీక్షలు అయిపోయాయి, మనవరాలు పని మొదలుపెట్టింది. నేను ఆడియో ముక్కలు ఫోన్లో పంపుతున్నాను, తను నోట్‌బుక్‌లో రెండు వరసలుగా రాస్తోంది. పైన ఇంటి మాట తెలుగు లిపిలో, కింద దాని అర్థం. పేజీలు ఫోటో తీసి పంపుతోంది. ఈ మాటని ఇంతకుముందు ఎవరూ రాయడం తను చూడలేదట, మొదటి పేజీ వాళ్ళ తాతకి చదివి వినిపిస్తే ఆయన మళ్ళీ చదవమన్నారట.

కొన్ని చోట్ల పక్కన చిన్నగా రాస్తోంది: "ఇది అమ్మ కోపంగా అనింది, ఎయ్యొద్దండి", "ఇది మా వాళ్ళు తోలు దగ్గర మాత్రం అంటారు, తెలుగులో లేదు", "ఇది నాకు తెలీదు, అవ్వని అడిగినాను, అవ్వకి గూడా తెలీదు, వాళ్ళ అవ్వ అనేదంట". ఈ మూడో రకం చోట్ల సబ్‌టైటిల్ వేయకుండా వదిలేద్దామని అనుకుంటున్నాను. ఎడిటర్ ఒప్పుకోవడం లేదు, చూసేవాళ్ళు పొరపాటు అనుకుంటారు అంటున్నాడు. మనవరాలు రాసిన వాక్యాన్నే అక్కడ సబ్‌టైటిల్‌గా వేద్దాం అన్నాను. "అవ్వకి గూడా తెలీదు, వాళ్ళ అవ్వ అనేదంట." దానికి ఒప్పుకున్నాడు.

ఇంకో నిర్ణయం. తెర మీది తెలుగు పద్యాలకి తెలుగు సబ్‌టైటిల్స్ ఉండవు, ఇంటి మాటకి ఉంటాయి. తెలుగువాళ్ళం మొదటిసారి ఆ ఇంటి మాటని చదువుకుంటూ వినాలి.

జూన్ 21

దీపం షాట్ మళ్ళీ తీశాం. ముందు తీసిన దానికన్నా బాగా రాలేదు. ఈసారి కొడుకు కెమెరాకి అలవాటు పడిపోయాడు, చేయి మరీ నెమ్మదిగా, చూపించడానికి కదిపినట్టు కదిపాడు. అయినా అదే వాడుకోవాలి.

వాన లేదు. ఊళ్ళో అందరి మాటా అదే, విత్తనం వేయాలా వద్దా అని. పెద్దాయన చిన్నప్పుడు ఇలాంటి ఏడాదుల్లో ఊళ్ళవాళ్ళు బండి కట్టుకుని వచ్చి విరాటపర్వం ఆడించమని పిలుచుకుపోయేవాళ్ళట. విరాటపర్వం చదివినా ఆడినా వాన పడుతుందని మా అవ్వ కూడా అనేది. "యీళ్ళు మనోళ్ళా కాదా అని అప్పుడు ఎవరూ అడగలే. వాన కావాల్సొస్తే మేము కావాల్సొచ్చినాం" అన్నారు ఆయన. కోపం లేదు గొంతులో. ఎండుతున్న తోలు కేసి చూస్తూ అన్నారు. ఇది సినిమాలో ఉంది, ఎక్కడ పెట్టాలో ఇంకా తేలలేదు. మూడు చోట్ల పెట్టి చూశాం, మూడు చోట్లా బరువు ఎక్కువైంది. బహుశా ఆట మొదలయ్యే ముందు, బల్బు వెలిగించే చోట సరిపోతుంది.

జూలై 13

రఫ్ కట్ (సినిమా మొదటి కూర్పు) 71 నిమిషాలు. నిన్న రాత్రి వాళ్ళ వీధిలోనే చూపించాం, ఆట కట్టే ఆ రెండు పంచెల తెర మీదే. ప్రొజెక్టర్ మేం తెచ్చుకున్నాం. కుటుంబానికే చూపిద్దామనుకున్నాను, కానీ వీధి వీధంతా వచ్చి కూర్చుంది, ఎవర్నీ పొమ్మనలేం కదా. పిల్లలు తెర వెనక్కి పోయి అక్కడి నుంచి చూశారు.

మొదటి ఇరవై నిమిషాలు ఒకటే గోల, ఎవరు కనపడితే వాళ్ళ పేర్లు అరవడం. ఇంటి మాట వచ్చి కింద తెలుగు అక్షరాలు పడ్డప్పుడు గోల ఆగిపోయింది. చదవడం వచ్చినవాళ్ళు గట్టిగా చదివారు. మాట వినపడుతుంటే దాన్నే మళ్ళీ చదవడం ఎందుకని నేను అనుకున్నాను, కానీ అందరూ చదివారు. కోడలు తన మాటలు వచ్చిన ప్రతిసారీ కొంగు అడ్డం పెట్టుకుంది, చివరి దాకా లేచి పోలేదు.

అయిపోయాక పెద్దాయన ఒక్కటే చెప్పారు. ఆట అయిపోయాక బొమ్మలు సర్దే చోట ఒక షాట్ ఉంది, కంగారులో ఎవరో రాముడి మీద రావణుణ్ణి పెట్టేశారు, ఆయన వెంటనే తీసి విడిగా పెట్టారు. ఆ తీయడం మా షాట్‌లో లేదు, కట్ ముందే పడింది. "మా ఇంట్లో అట్ల పెట్టరు. అది జూసినోళ్ళు మేము ఇట్లే పెడతామనుకుంటారు." అవును, అనుకుంటారు. ఆయన విడిగా పెట్టే దాకా షాట్ పొడిగించవచ్చా అని అడిగాను, ఫుటేజీలో ఉంది అది. ఆలోచించి, వద్దు, తీసేయమన్నారు. తీసేశాను. అందమైన షాట్, పన్నెండు సెకన్లు.

పెద్దామెని సులోచన చోటు గురించి నేనే అడిగాను. పద్యం మధ్యలో నీళ్ళడిగింది బయటపడటం ఆమెకి నచ్చకపోవచ్చని నెలల తరబడి టెన్షన్ పడుతున్నాను, ఆమె వద్దంటే ఆ పది సెకన్లు పోతాయి, నాకు సినిమా మొత్తం పోయినట్టే.

"నీళ్ళడిగింది ఉండనీ పాపా," అంది. "దప్పికైతే అడగరా? ఆ తర్వాత దగ్గినాను చూడు, అది తీసెయ్. సులోచన దగ్గదు."

దగ్గు తీయాలంటే కింద హార్మోనియం తెగకుండా కలపాలి. కొడుకు మైకు ట్రాకులో హార్మోనియం విడిగా ఉంది కాబట్టి కుదురుతుంది. తమ్ముడికి రేపు చెప్పాలి.